పదహారు వేళ్ళ కట్టె

కట్టె తడిసింది రెండు వేళ్ళ మేరకే. అనంతమ్మ దాన్ని వెలుతురు వైపు తిప్పి చూసింది. పెట్రోలు తడి నీళ్ళ తడిలాగా నిలవదు, చూస్తుండగానే ఎగిరిపోతుంది. అందుకని కట్టె ట్యాంకులోంచి బయటికి తీసీ తీయగానే తడి ఆగిన చోట బొటనవేలి గోరు నొక్కిపెట్టడం ఆమె అలవాటు చేసుకుంది. గోటి దగ్గర నుంచి కట్టె కొస దాకా వేళ్ళు అడ్డం పెట్టి కొలిచింది. రెండు వేళ్ళు, మీద గింజంత.

"ఎంతుందక్కా?" కొట్టం బయట నిలబడి ఆమె తమ్ముడు హన్మంతు అడిగాడు.

"రెండు వేళ్ళు."

మోటారు పశువుల కొట్టంలోనే ఒక పక్కకు నిలబడి ఉంది. రెండు నెలల కింద పట్నంలో రొట్టెల కార్ఖానా సాహెబు దగ్గర కొన్న చిన్న బండి అది. వెనక రేకు డబ్బా మీద అప్పుడు రొట్టె బొమ్మ ఉండేది. ఇప్పుడు ఆ బొమ్మ మీద బురద ఎండి పెచ్చులు కట్టింది. మూడు రోజులకోసారి అది ఇబ్రహీంపట్నంలో కూరగాయల గంపలు ఎత్తుకొని, ఇరవై మైళ్ళ అవతల పట్నంలోని మీరాలం మండిలో దించి వస్తుంది. దేశాల నడుమ లడాయి, పెద్ద యుద్ధం, మొదలైనప్పటి నుంచి పెట్రోలు కూపన్ల మీదనే. తహసీలు కచేరిలో ఇచ్చే కూపన్లకు పట్నంలో రెండు డబ్బాలు దొరుకుతాయి. ఎనిమిది గ్యాలన్లు. ఆ ఎనిమిదీ పోస్తే సీటు కింద ఉన్న ట్యాంకు మూతి దాకా నిండుతుంది. అనంతమ్మ కట్టె మీద అది పదహారు వేళ్ళు.

ఇంట్లో పాలు, నెయ్యి, వడ్లు కొలిచే చెయ్యి ఆమెది. పెట్రోలు కూడా ఆ చేతికే వచ్చింది. మొదటి రోజు ట్యాంకు మూతి దగ్గర వంగి వాసన చూసి, "నీళ్ళ లెక్కనే ఉన్నది గదరా, ఇది బండిని ఎట్ల గుంజుతది?" అని డ్రైవరు ఆజంను అడిగింది. "కాలుతది పెద్దమ్మా" అన్నాడతను. "కాలితే పొగ మీదికి పోవాలె. బండి ముంగటికి ఎందుకు పోతది?" ఆజం నవ్వి, ముందు రేకు ఎత్తి, గొట్టాలు ఒక్కొక్కటీ చూపించి చెప్పాడు. అర్థమైనంత అర్థమైంది. అర్థం కానిది మరునాడు మళ్ళీ అడిగింది.

ఇప్పుడు ఆజం గంపలకు తాడు బిగించి వచ్చి ఆమె చేతిలోని కట్టె వైపు చూశాడు.

"పటేలా, గీ రెండు వేళ్ళతోని పట్నం అందదు."

"ఎందుకందదురా?" హన్మంతు లోపలికి వచ్చాడు. "ట్యాంకు నింపినంక మొదటి మాటు పోయొస్తే ఎన్ని వేళ్ళు దిగిందక్కా?"

"మూడు. మీద జర్రంత."

"పోను రాను మూడు. అంటే పోనీకి ఒకటిన్నర. ఇంక అర వేలు మిగుల్తది. ఎప్పటి తీర్గ డబ్బాలు బస్సు మీద రాలె ఈ మాటు, పట్నంల కూపన్లిచ్చి నింపుకొని రా."

"గా లెక్క నాకు తెల్వది పటేలా. అడుగుకొచ్చినంక పెట్రోలు నిలవది. తుర్కయంజాల్ కాడ ఆగుతది."

"ఆగే ఊరు సుత చెప్తున్నవు. జోతిష్యం ఎప్పుడు నేర్చినవ్‌రా?" హన్మంతు నవ్వాడు. "ఎల్లు, పొద్దెక్కుతుంది."

ఆజం ముందుకు పోయి హ్యాండిలు పెట్టి మూడుసార్లు తిప్పాడు. నాలుగోసారికి బండి దగ్గి, వణికి, కదిలింది. గంపల మీద కప్పిన తడిబట్ట నుంచి నీళ్ళు కారుతూ, కొట్టం వాకిలి నుంచి రోడ్డు దాకా సన్నని చార పడింది.

తుర్కయంజాల్ దగ్గరే ఆగింది. ఊరు ఇంకా అర ఫర్లాంగు ఉందనగా.

ఆ సంగతి మధ్యాహ్నం తెలిసింది. హన్మంతు ఎవరి బండి మీదనో పోయి, రెండు ఎడ్లబండ్లు మాట్లాడి, గంపలు వాటి మీదికి ఎక్కించి పట్నం పంపి, వెనక్కి వచ్చేసరికి పొద్దు వాలింది. బండ్లు మండి చేరేసరికి బేరగాళ్ళు ఎవరూ ఉండరు. చుక్కకూర, కొత్తిమీర పారపోయవలసిందే. గోకరకాయ ఒక్కటి రేపటి దాకా ఆగుతుందేమో. తొమ్మిది ఇళ్ళవాళ్ళ గంపలు అవి.

హన్మంతు కాళ్ళు కడుక్కోలేదు. అరుగు మీద కూర్చున్నాడు. ఆజం అరుగు కింద నిలబడ్డాడు. మెడలో రుమాలు తీసి చేతులు తుడుచుకున్నాడు, మళ్ళీ తుడుచుకున్నాడు.

"అక్కా, ఇటు రా" అని పిలిచాడు హన్మంతు. "పొద్దుగాల కట్టె పెట్టింది నువ్వు. ఎంతుండె?"

"రెండు వేళ్ళు."

"మొన్న పోయేటప్పుడు?"

"ఎనిమిదిన్నర."

"అంటే మొన్న ఒక్క మాటు పోయొస్తే ఆరు వేళ్ళు దిగింది. మొదటి మాటు మూడు, రెండో మాటు నాలుగు, మొన్న ఆరు. అదే బండి, అదే తొవ్వ, అవే గంపలు. చెప్పురా, ఏమైతున్నది పెట్రోలు?"

ఆజం ఆమె వైపు చూశాడు. ఆమె ఏమైనా అంటుందని కాదు. ఆమె దగ్గర జవాబుంటే బాగుండునని చూసినట్టు ఉంది.

"నాకు సమజైతలేదు పటేలా."

"సమజు కాకుంటనే తుర్కయంజాల్ కాడ ఆగుతదని చెప్పినవా? పొద్దుగాల నా మొకం మీదనే చెప్పితివి గదా! ట్యాంకుల ఎంతుందో కట్టె కంటె నీకే ఎక్కువ ఎర్క."

"నడిపేటోన్ని గద, చేతికి తెలుస్తది."

"మొదలు మల్లగాడు అన్నవ్. కొట్టంల పండుకునేది వాడే, వాడే తీస్తున్నడన్నవ్. నీ మాట పట్టుకొని నేను వాన్ని ఎల్లగొట్టిన. వాడు పోయి నెల దాటె. మరి ఇప్పుడు ఎవడు తీస్తున్నడు? కొట్టంల నేనే పండుకుంటున్న. నేను తీస్తున్ననా?"

ఆజం మెడ మీద నరం లేచింది.

"శుక్రారం దాక చూస్త" అన్నాడు హన్మంతు. గొంతు పెంచలేదు. అదే ఎక్కువ భయం అనిపించింది అనంతమ్మకు. "పోయిన పెట్రోలు తెచ్చి పెట్టు. లేకుంటె ఠాణల అమీన్ సాబ్ కాడికి పోదాం. లడాయిల పెట్రోలు అమ్ముకున్నోనికి ఏం శిక్ష పడ్తదో ఆయన్నే అడుగు. ఇగ నీ లైసెన్సు ముచ్చట మర్చిపో."

ఆజం రుమాలు మెడలో వేసుకోవడం మరచి చేతిలోనే పట్టుకొని పోయాడు.

బుధవారం పొద్దున అనంతమ్మ చల్ల చిలుకుతుంటే ఆజం తల్లి లాల్ బీ వచ్చింది. ఊళ్ళో ఎవరికి బొంత కావాలన్నా కుట్టేది ఆమె. సంకలో ఎప్పుడూ పాతచీరల మూట ఉంటుంది. ఇవాళ మూట లేదు. వచ్చి కవ్వం తాడుకు అడ్డం పడకుండా గోడకు ఆనుకొని కూర్చుంది.

"చల్ల తాగుతవా?" అంది అనంతమ్మ.

"నేను తాగనీకి రాలె. ఒక్కటి అడుగుత. నువ్వు నీ కండ్లతోని నా కొడుకు చేతుల పెట్రోల్ డబ్బా చూసినవా?"

"చూడలె."

"వాడు ఎవనికన్న అమ్మంగ చూసినవా?"

"లేదు లాల్ బీ."

"మరి ఏం చూసినవ్?"

అనంతమ్మ తాడు గుంజడం ఆపింది. "కట్టె చూసిన."

"కట్టె!" లాల్ బీ అరచేతులు రెండూ పైకి తిప్పింది. "యా అల్లా! కట్టె మాట్లాడిందా? కట్టె సాచ్చెం చెప్తే మనిషిని తీస్కపోయి జైల్ల ఏస్తరా?"

"కట్టె ఒట్టిగ చెప్తదా? ఎంతుంటె అంత తడుస్తది."

"అవ్, నువ్వు గట్లనే అంటవ్. వాడు సుత గట్లనే అంటుండు." లాల్ బీ గొంతు తగ్గింది. "అదే నాకు ఫికర్. వానికి తిండి సైస్తలేదు. అమ్మీ, పెద్దమ్మ కట్టె తప్పు చెప్పదు, నాతోనే ఏదో తప్పైతున్నదంటడు. నెల దినాల నుంచి దిగుడు తొవ్వల ఇంజను బంద్ చేసి బండిని ఉట్టిగ ఇడుస్తుండంట, పెట్రోల్ మిగులాలెనని. బ్రేకు మంచిగ పట్టదంట దానికి. మొన్న ఒక బర్రె అడ్డం వస్తే చెట్టుకు రాసుకుంట ఆపిండంట. నాకు చెప్పలె. అంగి చినిగితే అడిగిన, అప్పుడు చెప్పిండు."

"ఇంజను బంద్ చేసిండా?" అనంతమ్మ ముందుకు వంగింది. "బంద్ చేసినా ఆరు వేళ్ళే దిగిందా?"

"నన్నడుగుతవేంది? వేళ్ళు నీయి."

లాల్ బీ చల్ల తాగకుండానే లేచింది. గడప దగ్గర ఆగి, "దొంగైతే నేనే చెప్పుతోని కొడ్తుంటి. దొంగ తిండి మానడు, అనంతమ్మా" అని పోయింది.

అనంతమ్మ వెన్న తీసింది గానీ మనసు దాని మీద లేదు. మొదటి మాటుకు మూడు, రెండో మాటుకు నాలుగు, మూడో మాటుకు ఆరు. ఇప్పటికి అయిదారుసార్లు ట్యాంకు నింపారు. ప్రతిసారీ ఇదే వరస. ఇంతవరకు ఆమె దాన్ని దొంగ అలవాటు అనుకుంది. కొత్తలో కొంచెం తీస్తాడు, ఎవరూ చూడడం లేదనుకుంటే ఎక్కువ తీస్తాడు. కానీ కాపలా మల్ల ఉన్నప్పుడూ మూడు, నాలుగు, ఆరే. మల్ల పోయిన తరువాతా మూడు, నాలుగు, ఆరే. ఇంజను ఆపి దిగినా అంతే. ఇద్దరు మనుషులు వేరే వేరేగా దొంగతనం చేస్తే ఇంత సరిగ్గా ఒకే కొలతకు వస్తుందా? దొంగలు కూడా కట్టె పెట్టి తీస్తారా?

మరునాడు గురువారం పొద్దున కుడితి గోలెం కడిగింది. పెద్ద మట్టి గోలెం, పై భాగం వెడల్పు, కిందికి పోను పోను సన్నం. అడుగున ఒక మనిషి రెండు పాదాలు పట్టేంత చోటు ఉంటుంది. కడిగిన నీళ్ళు పారబోసి, చేదబావి నుంచి బొక్కెన తెచ్చి పోసింది. నీళ్ళు గబుక్కున జానెడు పైకి లేచాయి. ఇంకో బొక్కెన పోసింది. మూడోది పోసింది. తవుడు వేద్దామని చెయ్యి పెట్టి, అట్లాగే ఆగిపోయింది.

చెయ్యి తీసి గోలెం గోడ లోపల తడి ఆగిన చోటు చూసింది. ఇంకో బొక్కెన పోసింది. ఈసారి నీళ్ళు నాలుగు వేళ్ళు కూడా లేవలేదు. ఇంకొకటి. మూడు వేళ్ళు.

తవుడు గంప కింద పెట్టి, కొంగు నడుముకు దోపి, గోలెంలో నీళ్ళన్నీ చెంబుతో ముంచి పారబోసింది. కట్టెపుల్ల ఒకటి తెచ్చి మళ్ళీ మొదటి నుంచి పోసింది. ప్రతి బొక్కెనకూ పుల్ల ముంచి, తడి ఉన్న చోట గోటితో గీత గీసింది. కట్టేసిన బర్రె తల ఎత్తి, తనకు రావలసిన కుడితి ఎందుకు రావడం లేదో తెలియక ఒక్క అరుపు అరిచింది.

"జరాగవే, నీకు సుత తెలుస్తది" అంది అనంతమ్మ.

ఆరు బొక్కెనలు, ఆరు గీతలు. కింది గీతల మధ్య జాగా ఎక్కువ. పైకి పోను పోను గీతలు దగ్గరికి జరిగాయి. పుల్లను కంటి దగ్గరగా పెట్టుకొని చాలాసేపు చూసింది. యాభై ఏళ్ళ నుంచి ఇదే గోలెంలో కుడితి పోస్తున్నది. అడుగున నీళ్ళు తొందరగా లేస్తాయని చేతికి తెలుసు. కానీ చేతికి తెలిసిన దాన్ని ఏ రోజూ ఎవరూ ఆమెను అడగలేదు.

బర్రెకు కుడితి పెట్టి, మోటారు దగ్గరికి పోయింది. మంగళవారం నాడు తుర్కయంజాల్ నుంచి ఎడ్లను కట్టి గుంజుకొచ్చి నిలబెట్టారు దాన్ని. సీటు పలక ఎత్తింది. పైన ట్యాంకు మూతి, చుట్టూ చదునైన రేకు. ఇంతవరకు ఆమె చూసింది ఇదే. పైన వెడల్పుగా పెట్టెలాగా ఉంది గనుక కింద కూడా అట్లాగే ఉంటుందనుకుంది. నేల మీద వెల్లకిలా పడుకొని, బండి కిందికి జరిగింది. మన్ను, మడ్డి వీపుకు అంటుకున్నాయి. చెయ్యి పైకి చాపి తడిమింది. ట్యాంకు అడుగు చెయ్యంత వెడల్పు కూడా లేదు. రెండు పక్కల రేకు ఏటవాలుగా పైకి పోతుంది. రెండు ఇనుప పట్టీల నడుమ ఇరికించడానికి ఎవరో అట్లా చేసి అతికించారు. అతుకుల మీద సుత్తి దెబ్బలు వేలికి తగులుతున్నాయి.

"గోలెం గదనే నువ్వు" అంది అనంతమ్మ, బండి కింద నుంచి.

అక్కడే పడుకొని రెండు వేళ్ళు ట్యాంకు అడుగుకు ఆనించి చూసింది. ఇక్కడ రెండు వేళ్ళంటే ఎంత? చెంబెడు. పైన రెండు వేళ్ళంటే? పెద్ద కుండెడు. రెంటినీ ఆమె ఒకటే అని చెప్పింది. ఆమె చెప్పిన మాట మీద హన్మంతు లెక్క కట్టాడు. ఆ లెక్క మీద ఒకడు ఊరు విడిచిపోయాడు, ఇంకొకడు రేపు అమీన్ సాబ్ ముందు నిలబడతాడు.

బయటికి రావడానికి చాలాసేపు పట్టింది.

శుక్రవారం పొద్దున హన్మంతు కూపన్ల పెట్రోలు రెండు డబ్బాలు కొట్టంలో దింపించాడు. ముందు రోజే పట్నం నుంచి బస్సు మీద వేయించుకొని వచ్చాడు. ఆజం వాకిట్లో నిలబడి ఉన్నాడు. వట్టి చేతులతో వచ్చాడు. ఇస్త్రీ లేకున్నా ఉతికిన అంగీ వేసుకున్నాడు, పెద్ద కచేరికి పోయేవాడిలాగా. వెనక లాల్ బీ నిలబడింది.

"తెచ్చినవా?" అన్నాడు హన్మంతు.

"ఏడికెల్లి తేవాలె పటేలా?"

"సరే. నడువు మరి."

"ఆగు" అంది అనంతమ్మ. చేతిలో కొత్త కట్టె ఉంది. వెదురు చీల్చి, నునుపు చేసి, నిన్న సాయంత్రం ఎండబెట్టింది. నడుముకు కొడవలి దోపుకొని ఉంది. "ట్యాంకు నింపినంక పొండ్రి. ఆజం, నువ్వే పొయ్యి. గ్యాలను డబ్బాతోని ఒక్కొక్కటి పొయ్యాలె. నేను చెప్పేదాక రెండోది పొయ్యద్దు."

"ఇప్పుడెందుకక్కా ఇదంత?"

"నాకు చూడాలెనని ఉంది."

ఆమె ఇట్లాంటివి అడుగుతుందని హన్మంతుకు అలవాటే. విసుగ్గా గుంజకు ఆనుకున్నాడు. ఆజం మొదట ట్యాంకు అడుగు గొట్టం విప్పి మిగిలిన మడ్డి దింపేశాడు. గ్యాలను డబ్బా నింపి, గరాటు పెట్టి పోశాడు. ఒక్క బొట్టు కింద పడలేదు. అనంతమ్మ కట్టె ముంచి, తీసి, గోరు నొక్కి, కొడవలితో ఒక గీత కోసింది. కొస నుంచి గీత దాకా వేళ్ళు పెట్టింది.

"నాలుగు వేళ్ళు."

హన్మంతు గుంజను వదిలి దగ్గరికి వచ్చాడు. రెండో గ్యాలను పోశారు. గీత కోసింది. "ఆరున్నర." మూడోది. "ఎనిమిదిన్నర." నాలుగోది పోసేటప్పుడు ఆజం డబ్బా వంచుతూనే కట్టె వైపు చూస్తున్నాడు. గరాటు మీద నుంచి కొంచెం పొర్లింది. అయిదు, ఆరు, ఏడు. ఎనిమిదో గీత కోసేసరికి ట్యాంకు మూతిలో పెట్రోలు కనిపించింది. కట్టె మీద పదహారు వేళ్ళు.

అనంతమ్మ కట్టెను తమ్ముడి చేతికిచ్చింది. "చూడు."

పై గీతలు నాలుగూ వేలికి వేలు తగిలేంత దగ్గరగా ఉన్నాయి. కింద మొదటి గీత ఒక్కటే ఎక్కడో నాలుగు వేళ్ళ దూరాన ఉంది. హన్మంతు బొటనవేలు గీతల మీది నుంచి పై నుంచి కిందికి, కింది నుంచి పైకి జరిపాడు.

"ట్యాంకు కింద సన్నగున్నది, కుడితి గోలెం తీర్గ" అంది ఆమె. "మీద మూడు వేళ్ళంటే రెండున్నర గ్యాలన్లు. అడుగున రెండు వేళ్ళంటే అర గ్యాలను లేదు. పట్నం ఎట్లందుతది? తుర్కయంజాల్ కాడనే ఆగుతది."

"మొన్నటిదాక నువ్వే గదక్కా చెప్పింది. రెండు వేళ్ళు, ఆరు వేళ్ళు అని."

"అవ్. నేనే చెప్పిన. తప్పు చెప్పిన."

హన్మంతు కట్టెను గుంజకు ఆనించాడు, మళ్ళీ తీసుకున్నాడు. ఒప్పుకోవడానికి ఏదో ఒక దారి వెతుకుతున్నట్టు ట్యాంకులోకి తొంగి చూశాడు. అక్కడ పెట్రోలు తప్ప ఏమీ లేదు.

"సరే" అన్నాడు చివరికి, ఎవరి వైపూ చూడకుండా. "రేపు పొద్దుగాల గంపలెత్తుండ్రి. మూడు మాట్లు పోయినంక నాలుగో మాటు ఎల్లద్దు. నింపుకోవాలె." అని, వాకిలి దాటిపోయాడు.

"గంతేనా?" లాల్ బీ అతని వెనకకు రెండు అడుగులు వేసింది. "పటేలా, గంతేనా? నా కొడుకు మూడు దినాలు తిండి తినలె!"

హన్మంతు ఆగలేదు. లాల్ బీ వెనక్కి తిరిగి కొడుకు భుజం పట్టుకొని ఊపింది. "ఏందిరా, నవ్వవేంది? బతికిపోతివి గదరా!"

ఆజం నవ్వలేదు. గ్యాలను డబ్బా బోర్లించి దాని మీద కూర్చున్నాడు. చేతులకున్న పెట్రోలు ఆరిపోయి వేళ్ళు తెల్లగా పాలిపోయాయి. వాటినే చూస్తున్నాడు.

"మల్లన్నను నేనే ఎల్లగొట్టించిన" అన్నాడు. "పటేల ముంగట నిలబెట్టి చెప్పిన. నువ్వు కాకుంటె ఎవడురా అని మొకం మీద అన్న. వాడు నా కాళ్ళ మీద చెయ్యి పెట్టబోయిండు. నేను కాలు గుంజుకున్న."

లాల్ బీ చెయ్యి భుజం మీద నుంచి జారింది.

"ఏడున్నడు వాడు?" అని అడిగింది అనంతమ్మ.

"యాచారం తొవ్వల. సడకు మీద కంకర కొడుతున్నడంట."

"యాచారం ఎంత దూరం?"

"ఎనిమిది మైళ్ళు."

అనంతమ్మ కట్టె తీసుకుంది. పై గీత మీద గోరు పెట్టింది. "పోను రాను పదహారు. పట్నం నలభై మైళ్ళకు రెండున్నర గ్యాలన్లు, అంటే గ్యాలనుకు పదహారు మైళ్ళు గదా?"

"అవ్."

"అయితే గీ మీది గీత ఒక్కటి ఒడుస్తది. లే. హ్యాండిలు తిప్పు."

"పటేలను అడుగద్దా పెద్దమ్మా? కూపన్ పెట్రోల్ అది."

"వచ్చినంక చెప్త. కొలత తప్పింది నాది."

ఆమె మోటారు ఎక్కడం అదే మొదటిసారి. సీటు మీద కూర్చుంటే ట్యాంకు తన కిందనే ఉందని, అందులో పెట్రోలు అలల్లాగా ఊగుతున్నదని తెలుస్తూ ఉంది. చెట్లు వెనక్కి పోతుంటే ఒక్కసారి వాటిని, ఒక్కసారి ఆజం చేతులను చూసింది. ఒక ఎత్తు దగ్గర బండి మూలిగితే, "ఇక్కడ ఎక్కువ తాగుతదా?" అని అడిగింది. తాగుతుందన్నాడు. "దిగుట్ల?" తక్కువ అన్నాడు. దిగుడు వచ్చినప్పుడు ఇంజను ఆపలేదు. ఆమె అది గమనించింది.

యాచారం ఇంకా ఒక మైలు ఉందనగా రోడ్డు పక్కన రాళ్ళ కుప్పలు మొదలయ్యాయి. నాలుగు వాసాల మీద తడక వేసుకొని, ఆ నీడలో మల్ల కూర్చున్నాడు. నలభై ఏళ్ళ మనిషి, గోచి, తలకు గుడ్డ. ఒంటి నిండా తెల్లని రాతి దుమ్ము. బండిని గుర్తుపట్టి సుత్తె దింపాడు. లేవలేదు.

ఆజం ఇంజను నడుస్తుండగానే చక్రం పట్టుకొని కూర్చుండిపోయాడు. అనంతమ్మ దిగి, కట్టె పట్టుకొని తడక దగ్గరికి పోయింది.

"మల్లా, పెట్రోలు ఎవ్వడు తీయలె. నేను కొలిచిన కొలత తప్పు."

మల్ల ఒక రాయి సర్దుకొని కొట్టాడు. ఇంకొకటి కొట్టాడు. "గట్లనా" అన్నాడు. కొంచెంసేపటికి, "నేనేమనుకున్ననో ఎర్కేనా పెద్దమ్మా? నాది మొద్దు నిద్ర. నేను పండుకున్నంక ఎవడో వచ్చి తీస్కపోతుండనుకున్న. కాపల నాదే గద, తప్పు నాదే అనుకున్న" అన్నాడు. "గందుకే ఎక్కువ మాట్లాడలె."

ఆజం దిగి వచ్చాడు. ఎండలోనే నిలబడ్డాడు, తడక నీడలోకి రాలేదు. "మల్లన్నా" అన్నాడు.

"నీది పెద్ద నోరు ఆజం" అన్నాడు మల్ల.

"అవ్."

"మస్తు పెద్దది."

"అవ్ మల్లన్నా."

"బండెక్కు మల్లా" అంది అనంతమ్మ. "కొట్టంల నీ మంచం అట్లనే ఉన్నది."

మల్ల తన ముందున్న రాళ్ళను చూపించాడు. "గీ కుప్ప నా పాలుది. పొద్దుగూకేసరికి కొట్టకుంటె మేస్త్రి రేపు పని ఇయ్యడు. వచ్చుడు, రాకుండుడు తర్వాత. మీరు పొండ్రి. ఇంజను ఉట్టిగనే నడుస్తుంది, పెట్రోలు ఒడుస్తది. తిరిగి పోనీకి సాలుతదా మీకు?"

ఇన్ని రోజుల్లో పెట్రోలు ఎంత ఉందని అందరూ అడిగారు. ఇంటికి చేరతారా అని అడిగింది ఇతనొక్కడే.

"సాలుతది" అంది. "ఆజం, ఇంజను బంద్ చెయ్యి. నిలబడ్డ మోటరు ఏం తాగదు. నీ కుప్ప అయ్యేదాక కూసుంట మల్లా."

మల్ల చదునుగా ఉన్న రాయి ఒకటి తడక నీడలోకి కాలితో జరిపాడు. ఆమె దాని మీద కూర్చుంది.

ఇంజను ఆగగానే పక్క కుప్పల దగ్గరి సుత్తెల చప్పుళ్ళు వినిపించాయి, ఒకటి దగ్గరగా, ఒకటి దూరంగా. ఆజం వచ్చి నీడ అంచున కూర్చున్నాడు. తడక గుంజకు ఆనించి ఉన్న ఇంకో సుత్తె తీసుకున్నాడు. ఒక రాయి ముందు పెట్టుకొని బలం కొద్దీ కొట్టాడు. సుత్తె ఎగిరింది గానీ రాయి పగల్లేదు. మళ్ళీ ఎత్తాడు.

"గుడ్డిగ కొట్టకు" అన్నాడు మల్ల, అతని వైపు చూడకుండానే. "పొర ఎటున్నదో చూడు ముందుగాల."

ఆజం సుత్తె దింపి, రాయిని చేతిలోకి తీసుకొని తిప్పి చూశాడు.